ఫ్రేములో లేని పాదాలు

మొండి అక్కకు,

ఫోన్ చేస్తే మాట మధ్యలో పెట్టేస్తావు కాబట్టి ఉత్తరం రాస్తున్నాను. దీన్ని చించాలన్నా ముందు విప్పాలి కదా! నువ్వు ఇవ్వబోయే చివరి నాట్య ప్రదర్శనను సినిమాగా తీస్తున్నారు. కెమెరా నాది. నిన్ను అడక్కుండానే ఒప్పుకున్నాను. "మీ అక్కగారు ఊరుకుంటారా?" అని దర్శకుడు నసిగాడు. "మా అక్క సంగతి నేను చూసుకుంటాను, మీరు భోజనాల సంగతి చూడండి" అన్నాను.

పనిలో నన్ను నేను తక్కువ చేసుకోను, నీకు తెలుసు. డాక్యుమెంటరీల కోసం గనుల్లోకి దిగాను, ఆపరేషన్ గదుల్లో నిలబడ్డాను. కచేరీల్లో మూడేసి గంటలు భుజం మీంచి కెమెరా దించలేదు. చాలామంది ఒక కన్ను మూసి తీస్తారు. నేను రెండూ తెరిచే తీస్తాను. కుడి కన్ను కెమెరాలో ఉంటే, ఎడమది బయట తిరుగుతూ రాబోయేదాన్ని ముందే పట్టేస్తుంది. నాకు పేరు తెచ్చింది ఆ ఎడమ కన్నే. మనిద్దరి మధ్యా చిచ్చు పెట్టిందీ అదే.

పదకొండేళ్ళ కిందట నీ నాట్యం తీస్తూ, ఆఖరి చుట్లలో కెమెరాను నీ పాదాల మీంచి ముఖం మీదికి లేపాను. సినిమా చూశాక నువ్వు అందరి ముందూ, "నాట్యం తియ్యమంటే పాస్‌పోర్టు ఫోటో తీసింది మా చెల్లెలు!" అన్నావు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఇంటికొచ్చి కుళాయి తిప్పుకుని మరీ ఏడ్చాను. ఆ తర్వాత నీ ప్రదర్శన ఒక్కటీ తియ్యలేదు.

ఇప్పుడు నిజం చెబుతున్నాను. ముఖం బాగుందని కెమెరా పైకి లేపలేదు. నీ కుడికాలు తడబడడం నా ఎడమ కన్ను చూసింది. హాల్లో ఎవరూ పసిగట్టలేదు గానీ, సినిమాలో అది శాశ్వతంగా నిలిచిపోతుందని భయపడ్డాను. నీ పరువు కోసం నా పనికి మచ్చ తెచ్చుకున్నాను. ఇన్నేళ్ళూ నీ దెప్పులు పడ్డాను గానీ నోరు విప్పలేదు. ఈసారి కూడా నిన్ను కాపాడతాను. కెమెరా ఎప్పుడు ఎటు తిప్పాలో నాకు తెలుసు. వద్దనకు.

నీ చెల్లెలు

*

తెలివిమీరిన చెల్లికి,

విప్పాను. చించలేదు.

నా కాలు తడబడిందని నాకే చెబుతున్నావా? కాలు ఎవరిదే? నువ్వు చూశావనీ నాకు ఆ రోజే తెలుసు. ఆ మాట నీ నోటి నుంచే రావాలని కూర్చున్నాను. ఒక తల్లి పిల్లలమే కదా, మొండితనంలో ఇద్దరం సరిసమానం.

నీకు తెలియనిది ఒకటుంది. కెమెరా పైకి లేపాక నువ్వు భయంతో ఎడమ కన్ను మూసేసుకున్నావు. వేదిక మీంచి చూశాను. అందుకే తర్వాత జరిగింది నీకు తెలీదు. జారుతున్న కాలును నేను ఆపలేదు, జారనిచ్చాను. ఆ జారుడులోంచే ఒంటికాలి మీద తిరిగి తాళం అందుకున్నాను. ఎవరూ నేర్పని అడుగు అది. ముప్పయ్యేళ్ళ సాధనలో నేను చేసిన గొప్ప పని అదే. ఎన్నిసార్లు ప్రయత్నించినా మళ్ళీ రాలేదు. నీ సినిమాలో ఆ చోట నా ముఖం నవ్వుతూ ఉంటుంది, ఎందుకు నవ్వుతోందో చూసేవాళ్ళకు తెలియదు.

కాళ్ళు కనపడలేదని కాదు నా కోపం. ముక్కూ మొహం తెలియని వాళ్ళనందరినీ నమ్మి కెమెరా పట్టుకుంటావు, నేను తడబడితే తేరుకుంటానని మాత్రం నమ్మలేకపోయావు. చాలా బాధపడ్డాను. అది చెప్పడం చేతకాక నలుగురిలో వెటకారం చేశాను. అది నా తప్పే.

కాపాడడానికైతే రావద్దు. తియ్యడానికైతే రా. మోకాలు ఇప్పుడు నా మాట వినడం లేదు. ఎక్కడో ఒకచోట తడబడి తీరతాను. అప్పుడు కెమెరా కదిలిందంటే, వేదిక దిగొచ్చి మరీ చెవి మెలిపెడతాను.

రెండు కళ్ళూ తెరిచే ఉంచు.

నీ అక్క