బిస్కెట్ డబ్బాలో పన్నెండు ఓట్లు

బావా,

నువ్వు పోయి నిన్నటికి ఏడాది. నువ్వు మెయిళ్ల మీద మెయిళ్లు రాసి అడిగింది చివరికి జరిగింది. మన నియోజకవర్గంలో పార్టీ టికెట్ ఎవరికివ్వాలో సభ్యులనే ఓటేసి చెప్పమన్నారు, ఇక్కడ సింగపూర్‌లో ఉన్న మనవాళ్లతో సహా.

నిన్న పొద్దున సెంబవాంగ్‌లో నీ పాత రూమ్మేట్ ప్రసాద్ ఫ్లాట్‌లో పన్నెండు మందిమి చేరాం. పోటీలో ఇద్దరే: నువ్వు మెచ్చిన హెడ్మాస్టరు, నువ్వు నమ్మని కాంట్రాక్టరు. నీ ఆకుపచ్చ ఇంకు పెన్నుతోనే హెడ్మాస్టరు పేరు రాసి, చీటీ మడిచి బిస్కెట్ డబ్బాలో వేశాను.

"టిఫిన్ చేస్తూ కౌంట్ చేద్దాం, తొందరేముంది!" అంటూ ప్రసాద్ డబ్బా చంకలో పెట్టుకుని వంటింట్లోకి వెళ్లాడు. ఇడ్లీలు తేవడానికి డబ్బా ఎందుకో నాకర్థం కాలేదు.

మేం తింటుంటే ఒక్కో చీటీ విప్పి చూపించాడు. అన్నీ నీలం ఇంకే.

"పన్నెండుకి పన్నెండూ కాంట్రాక్టరు గారికే! యునానిమస్ అండీ!"

పొద్దున లిఫ్టులో పైకొస్తూ "నా ఓటు మాస్టారికే బాబూ" అన్న సరోజ ఆంటీ వైపు చూశాను. ఆవిడా నన్నే చూస్తోంది. ప్రసాద్ చప్పట్లు మొదలుపెట్టాడు. ఆవిడ తల దించుకుని కొట్టింది. నేనూ కొట్టాను. ఆ గదిలో ఇంకెందరు మాలాగే కొడుతున్నారో తెలియదు.

నువ్వుంటే "ఆ చీటీలు ఇలా ఇవ్వరా" అని చెయ్యి చాపేవాడివి. నేను ప్లేటు చాపి ఇంకో ఇడ్లీ వేయించుకున్నాను, బావా.