గురువారం దువా

సలాలా,
గురువారం సాయంత్రం.

బిల్కీస్ ఆపాకు,

తమ్ముడు నిసార్ సలాం. అమ్మి, షీబా, పిల్లలు, నేను ఇక్కడ ఒంట్లో బాగానే ఉన్నాం. అక్కడ నువ్వు, బావ, తయ్యబా క్షేమంగా ఉండాలని కోరుతున్నాను. ఈ వాక్యం ప్రతి ఉత్తరంలోనూ రాసేదే. ఈసారి రాశాక మళ్లీ ఒకసారి చదువుకున్నాను.

ఇక్కడి వానాకాలం అయిపోవచ్చినా పొగమంచు వదలడం లేదు. తుంపర ఆగదు. వీధి చివరి అరటి తోట పగలు కూడా కనబడదు. తలుపు తట్టింది ఎవరో తలుపు తీస్తేగాని తెలియదు.

నువ్వు మీ వీధి హసీనా చేత పంపిన ఉత్తరం, తయ్యబా ఫొటో అందాయి. హసీనా కూతురికి కాన్పు సులువుగానే అయింది, మగపిల్లాడు. రేపు ఆమె బ్రాడ్‌ఫర్డ్‌కు తిరిగి బయలుదేరుతోంది. ఈ ఉత్తరం ఆమె చేతికే ఇస్తాను. శనివారానికి నీకు అందాలి. ఫోన్‌లో ఏదీ వద్దన్నావు. నాకూ అదే మేలనిపించింది. ఈ రెండు గదుల ఇంట్లో అమ్మికి వినబడకుండా మాట్లాడే చోటు లేదు. కాగితం మీద రాస్తే ఆమెకు చదవడం రాదు.

ఇంగ్లండ్ యూత్ క్యాంపు చొక్కాతో ఉన్న ఫొటో అమ్మి చాలాసేపు చూసింది. "దీని మీద మూడు సింహాలేందిరా? బిడ్డను కరవవు కదా?" అని అడిగింది. షీబా నవ్వింది. నేనూ నవ్వాను.

తయ్యబాకు ఈ ఫుట్‌బాల్ ఆట ఎక్కడ మొదలైందో గుర్తుందా అని అడిగావు. గుర్తున్నంతవరకు రాస్తాను. ఈ ఉత్తరం నువ్వు ఇంకొకరికి చదివి వినిపించాల్సి రావచ్చు. తయ్యబాకు ఎనిమిదేళ్లప్పుడు మీ వీధి వెనక పార్కులో మగపిల్లలు గ్లవ్స్ ఇచ్చి గోల్‌లో నిలబెట్టారు. తనకు విసుగొచ్చింది. సగం ఆట అయ్యాక గ్లవ్స్ గడ్డి మీద పడేసి ముందుకు వెళ్లి గోల్ కొట్టింది. ఆ తర్వాత తనను ఎవరూ వెనక నిలబెట్టలేదు. బావ టాక్సీ డ్యూటీ అయ్యాక రోజూ సాయంత్రం ప్రాక్టీసుకు తీసుకెళ్లేవాడు. పదహారేళ్లకు క్లబ్బు అమ్మాయిల జట్టులో తీసుకున్నారు. పోయిన చలికాలంలో చివరి కొద్ది నిమిషాలకు పెద్ద జట్టులోకి దింపారు. మొదటిసారి కాలికొచ్చిన బంతి మైదానం మూల జెండాకు తగిలింది. రెండో మ్యాచ్‌లో గోల్ కొట్టింది. తనది కుడి కాలి ఆట, ఆ గోల్ మాత్రం ఎడమ కాలితో. టీవీలో చెప్పేవాడు తన పేరు మూడు రకాలుగా పలికాడు. అమ్మికి ఆ మూడూ నచ్చలేదు.

అప్పటి నుంచే గురువారం అలవాటు మొదలైంది. గురువారం ప్రాక్టీసు కాగానే ఆదివారం మ్యాచ్‌లో ఎవరు ఆడతారో కోచ్ చెబుతాడు. బయటి వాళ్లకు అది ఆదివారం దాకా తెలియదు. తయ్యబా మాత్రం వెంటనే తన నానీకి, మన అమ్మికి, గొంతు రికార్డు చేసి పంపుతుంది. "నానీ, ఈసారి మొదటి నుంచీ ఆడుతున్నా, దువా చెయ్" అనో, "మోకాలు వాచింది నానీ, కూర్చోబెడుతున్నారు, దువా చెయ్" అనో. సగం మన మాట, సగం ఇంగ్లీషు.

అమ్మి పద్ధతి నీకు తెలుసు. గురువారం సాయంత్రపు అసర్ నమాజు తర్వాత ఇక్కడున్న మనవైపు ఆడవాళ్లు మా ఇంట్లో కూడతారు. ఖురాన్ చదవడం అయ్యాక ఎవరి కష్టం వాళ్లు చెబితే అందరూ చేతులెత్తుతారు. పేరు చెప్పాలి, ఏ బాధో చెప్పాలి, మోకాలైతే ఏ కాలో కూడా చెప్పాలి. అది అమ్మి పట్టు. "పేరు చెప్పకుండా అడిగితే ఆ దువా ఎవరి ఇంటికి పోవాల?" అంటుంది. చెవులు సరిగా వినబడక తయ్యబా గొంతును గట్టిగా పెట్టి అందరికీ వినిపిస్తుంది. ఇందులో తప్పేముందని ఎవరమూ అనుకోలేదు. నేనూ అనుకోలేదు.

ఆ ఆడవాళ్లను ఇళ్ల దగ్గర దింపేది జావెద్ వ్యాను. మన కడప పిల్లాడే, వాళ్ల నాన్న అక్కడ మన వీధిలో టైలర్. వాళ్ల చదువు అయ్యేదాకా ముందు గదిలో టీ తాగుతూ కూర్చునేవాడు. మధ్యలో ఉన్నది ఒక్క పరదా.

ఇక నీ ప్రశ్న. అమ్మి ఫోన్‌లో తయ్యబా పంపినవన్నీ తీసేయమన్నావు. తీసేయలేదు, ఆపా. తీసేసినా అవి తయ్యబా ఫోన్‌లో ఉంటాయి. ఇక్కడ లేక అక్కడ ఉంటే అబద్ధం చెప్పింది తనే అవుతుంది. ఇప్పటికి తను చేసింది ఒక్కటే: జట్టు సంగతి బయటకు చెప్పకూడదన్న నియమం తన నానీకి వర్తించదనుకుంది. తను ఆడని మ్యాచ్‌ల ముందు మాత్రమే తన జట్టు ఓడుతుందని గల్ఫ్ నుంచి పందేలు పెరిగాయని క్లబ్బు మనిషి మీ ఇంటికి వచ్చి చెప్పాడని రాశావు. "నానీ దగ్గర ఎవరుంటారు?" అని అతను అడిగితే "ఎవరూ లేరు, ముసలావిడ" అన్నావట. ఆ మాట సరిదిద్దాలి. నానీ దగ్గర జావెద్ ఉన్నాడు.

నాకెలా తెలిసిందన్నదే ఇంతసేపు రాయకుండా వచ్చాను.

నేను పనిచేసే రైసూత్ పోర్టులో సరుకు మాయమవుతుంటే మేం ఒక పని చేస్తాం. ఖాళీ కంటైనర్‌కు మంచి సీలు వేసి, లోపల ఖరీదైన సరుకు ఉందని ఒక్క గేటు వాళ్లకే చెబుతాం. సీలు తెగితే దొంగ ఆ గేటులోనే ఉన్నట్టు. నీ ఉత్తరం చదివాక నాకు తోచింది అదే. పోయిన గురువారం తయ్యబా, ఆదివారం ఆడుతున్నానని పంపింది. అమ్మి వినకముందే ఆమె ఫోన్ తీసి ఆదివారం దాకా నా జేబులోనే పెట్టుకున్నాను. తయ్యబా నాకు మెసేజ్ పెట్టిందని, ఎడమ మోకాలు బాగా వాచిందని, ఆదివారం ఆడదని అమ్మికి చెప్పాను. అమ్మి ఏడ్చింది. ఆడవాళ్లందరూ చేతులెత్తారు. పరదా ఇవతల జావెద్ టీ గ్లాసు కింద పెట్టి ఫోన్ తీశాడు. అది నేను చూశాను.

మర్నాడు డ్యూటీ బస్సులో మల్లేశం నా పక్కన కూర్చున్నాడు. జగిత్యాల వాడు, మా యార్డులోనే పని.

"ఏం నిసార్ భాయ్, మీ మేనకోడలి మోకాలు మల్ల ఉబ్బిందట గదా" అన్నాడు.

"నీకెవరు చెప్పారు?"

"మా రూమ్‌ల పోరగాళ్లు అనుకుంటుండ్రు. జావెద్ ఏదో గ్రూపుల పెట్టిండట. ఆ టీమ్ ఓడుతదని అందరు పైసల్ కడుతుండ్రు."

"నువ్వు కట్టావా?"

"నా పెండ్లానికి తెలిస్తే నా మోకాలే ఉబ్బుతది" అని నవ్వాడు.

దొంగ దొరికాడని ఆ రోజు నాకు తృప్తిగా ఉంది. పోర్టులో అయితే పని అక్కడితో అయిపోతుంది. ఇక్కడ కంటైనర్ ఖాళీ కాదని, అందులో తయ్యబా ఉందని నాకు ఆదివారం గాని తట్టలేదు.

ఆదివారం తను రెండు గోల్స్ కొట్టింది. తన జీవితంలో అంత మంచి మ్యాచ్ ఇంతవరకు లేదని నువ్వే రాస్తావేమో. మేం ఫోన్‌లో చూశాం. అమ్మి ఫోన్‌ను ముద్దు పెట్టుకుని, "చూసినావారా నిసార్? రెండు దినాల్లో మోకాలు లేపి నిలబెట్టినా" అన్నది. అవునన్నాను. అది అబద్ధమని ఆమెకు ఇంకా చెప్పలేదు. నేను ఆ రెండో గోల్ చూడలేదు ఆపా. జావెద్ మాట నమ్మి పందెం కట్టి డబ్బు పోగొట్టుకున్నవాళ్ల గురించి ఆలోచిస్తూ కూర్చున్నాను.

సోమవారం నుంచి జావెద్ వ్యాను కనబడడం లేదు. ఫోన్ ఆపేసి ఉంది. రూమ్‌లో సామాను లేదు. మంగళవారం నేను డ్యూటీ నుంచి వచ్చేసరికి పొగమంచులో ఇద్దరు మనుషులు మా మెట్ల దగ్గర నిలబడి ఉన్నారు. ఇస్త్రీ చొక్కాలు. ముందు వాళ్లే సలాం చెప్పారు.

"నిసార్ భాయ్ మీరే కదా? జావెద్ మీ ఊరోడే కదా?"

"మా ఊరివాడే. ఎక్కడున్నాడో తెలియదు."

"వాని సంగతి మేం చూసుకుంటాం. బేటీ మోకాలు ఎట్లుంది?"

"బాగుంది."

"అల్లా దయ. దినం మారేలోపు బాగైపోయింది." ఇద్దరిలో పెద్దవాడు నా భుజం మీది తడి తుడిచాడు. "ఈసారి ఆడదని చెబితే నిజంగానే ఆడకూడదు భాయ్. మాట అంటే మాట."

వాళ్లు గట్టిగా మాట్లాడలేదు. పోతూ మా పిల్లలకు చాక్లెట్లు ఇచ్చారు.

నిన్న అమ్మి ఫోన్‌కు తెలియని నంబరు నుంచి ఒక ఫొటో వచ్చింది. మీ ఇంటి మలుపు దగ్గరి బస్టాపు. తయ్యబా వెనక నుంచి కనబడుతోంది, భుజానికి ఆట సంచి ఉంది. కింద, ముచ్చటపడి మెచ్చుకున్నట్టు, 'మాషాఅల్లా' అని రాసి ఉంది. "ఎవరో పుణ్యాత్ములు బిడ్డ ఫొటో పంపినారు" అని అమ్మి సంతోషంగా నాకు చూపించింది. పాత ఫొటోనేమో అని పెద్దది చేసి చూశాను. బస్టాపు గోడ మీద రాబోయే ఆదివారం మ్యాచ్ పోస్టరు ఉంది. పాతది కాదు.

అందుకే నిన్న బావకు ఫోన్ చేసి, తయ్యబాను బస్సులో పంపొద్దు, ఒంటరిగా వదలొద్దు అన్నాను. ఎందుకని నువ్వు వెనక నుంచి అడగడం వినబడింది. అమ్మి నా పక్కనే ఉంది. ఇదే ఆ జవాబు.

ఇంతవరకు చేసినవి: ఈ ఉదయం ఇక్కడి పోలీసులకు అంతా రాసిచ్చి, ఆ ఫొటో, నంబరు చూపించాను. నువ్వు రాసి పంపిన క్లబ్బు అడ్రసుకు ఇవే సంగతులు ఇంగ్లీషులో పంపాను. గురువారం అబద్ధం చెప్పింది నేనని అందులో స్పష్టంగా ఉంది. మా కంపెనీకి తెలిస్తే ఏమంటారో తెలియదు. అది నేను చూసుకుంటాను. ఇక నువ్వు చేయాల్సింది ఒకటుంది. శనివారం ఈ ఉత్తరం అందగానే తయ్యబాను, తన ఫోన్‌ను తీసుకుని క్లబ్బుకు వెళ్లు. నా కాగితం చూసి వాళ్లు పిలిచేదాకా ఆగొద్దు. తను నోరు తెరిచి తనే చెప్పాలి. కొన్ని నెలలు ఆడనివ్వరేమో. ఇంగ్లండ్ క్యాంపు పోవచ్చు. పద్దెనిమిదేళ్లకు అది చిన్న దెబ్బ కాదు, నాకు తెలుసు. కానీ ఆ మనుషులకు తను మైదానంలో ఉన్నంతకాలమే పనికొస్తుంది. ఆమె ఆడాలా వద్దా అన్నది ఆదివారం ముందు క్లబ్బు చేతిలోకి పోవాలి, వాళ్ల చేతిలో ఉండకూడదు.

తయ్యబాకు నా మీద కోపం వస్తే రానివ్వు. మామ తన మోకాలిని ఎరగా వేశాడని చెప్పు. నిజం అదే.

ఇప్పుడు పరదా అవతల ఆడవాళ్లు చదవడం ముగించారు. ఇంతకుముందే అమ్మిని వంటింట్లోకి పిలిచి, ఇక మీద బిడ్డ పేరు ఎవరి ముందూ ఎత్తొద్దని చెప్పాను. ఎందుకని అడుగుతుందనుకున్నాను. నా ముఖం చూసి, ఫోన్ తీసి నా చేతిలో పెట్టి వెళ్లింది.

ఆమె గొంతు వినబడుతోంది. "ఒక బిడ్డ ఉంది, దాని కోసం చేతులెత్తండి" అంటోంది.

"ఏ బిడ్డ ఖాలా? మన తయ్యబానేనా?" అని ఎవరో అడిగారు.

"ఎవరి బిడ్డయితే ఏం? ఎత్తండి" అన్నది అమ్మి.

బయట జావెద్ బదులు వచ్చిన కొత్త వ్యాను నిలబడి ఉంది. ఇంతసేపూ దాని ఇంజన్ నడుస్తూనే ఉంది. ఇప్పుడే ఆపాడు.

ఇట్లు,
లేచి తలుపు గడియ పెట్టి వచ్చిన
నీ తమ్ముడు,
నిసార్ అహ్మద్