రెండో రిమోట్‌లో లోపం

జూలై 9

పాత గేమ్ మిషన్లు బాగుచేసి అమ్మే కొట్టువారి రిపేరు విభాగానికి,

నమస్కారం. మీరంతా కులాసాగా ఉన్నారని తలుస్తాను. ఇక్కడ మేమిద్దరమూ కులాసాయే. మీరు అమ్మిన మిషన్ ఒక్కటే కులాసాగా లేదు, అందుకే ఈ ఉత్తరం.

పోయిన నెల మీ దగ్గర కొన్న మిషన్‌ని మీ పెట్టెలోనే పెట్టి వెనక్కి పంపుతున్నాను. బిల్లూ వారంటీ కార్డూ పైనే కనిపిస్తాయి. సీలు చింపలేదు, స్క్రూ ముట్టుకోలేదు. లోపం ఏమిటంటే, మొదటి రిమోట్ చెప్పినట్టు వింటుంది, రెండోది వినదు. మీ కార్డులో దాన్ని కంట్రోలర్ అన్నారు. మా ఇంట్లో అది రిమోటే.

కాస్త వివరంగా రాస్తాను, లేకపోతే మీకు అంతుపట్టదు. మేము ఆడేది ఒకే ఒక ఆట, పాత క్యాసెట్. ఎర్ర టోపీవాడు, నీలం టోపీవాడు, ఇద్దరి నడుములకీ కలిపి ఒక తాడు. కొండ ఎక్కాలి. ఒకడు ఎక్కుతుంటే రెండోవాడు కింద నిలబడి తాడు బిగించి పట్టుకోవాలి, ఆ తర్వాత వీడు పైనుంచి లాగితే వాడు ఎక్కాలి. ఒంటరిగా ఎవడూ ఒక్క మెట్టు కూడా దాటలేడు. ఎర్ర టోపీ నాది. నీలం టోపీ మావారిది.

మావారు టైలర్. ఆయన కొట్టు పక్కనే వీడియో గేముల కొట్టు ఒకటి ఉండేది. అది ఎత్తేసేటప్పుడు ఒక మిషన్ కారుచౌకగా వస్తే ఇంటికి తెచ్చుకున్నాం. అప్పటినుంచీ సాయంత్రం ఆయన కొట్టు కట్టేసి రాగానే టీ, ఆట. మాకు పిల్లలు లేరు. ఈ వయసులో ఇదేం బుద్ధి అని మా ఆడపడుచు దెప్పిపొడిచేది. ఆవిడకి ఆ కొండ మీద మంచు ఎలా ఉంటుందో తెలియదు కదా.

ఆ మిషన్ పోయిన ఏడాది కాలిపోయింది. ఆ ఏడాదే మావారికి పక్షవాతం వచ్చింది. మాట తిరిగొచ్చింది, నడక కొంత వచ్చింది, కుడి చెయ్యి మాత్రం ఇంకా మొరాయిస్తోంది. అలవాటైన పని ఏదైనా చేయించమన్నాడు డాక్టరు. కత్తెర చేతికిస్తే గుడ్డ పాడైపోతుందని మావారే వద్దన్నారు. ఆటైతే పాడయ్యేదేం లేదు. కొత్త మిషన్లలో మా క్యాసెట్ పట్టదు కాబట్టి మీలాంటివాళ్ల దగ్గరికి రావాల్సి వచ్చింది. నీలం టోపీవాణ్ణి ఆయన ఒక్కసారి కదిలిస్తే చాలు, మిగతా పనులన్నీ దాని వెంటే వస్తాయని నేను ఆశ పెట్టుకున్నాను. కాబట్టి రెండో రిమోట్ సంగతి మీరు ఆషామాషీగా తీసుకోకండి.

నేను నీటి సరఫరా ఆఫీసులో ఫిర్యాదుల కౌంటర్‌లో కూర్చుని రిటైరైనదాన్ని. వచ్చిన ఫిర్యాదుని ఎలా పక్కకి నెట్టాలో నాకు ఎవరూ నేర్పక్కర్లేదు. ముందే చెబుతున్నాను.

ఇట్లు,
రెండో రిమోట్ కస్టమరు


సెప్టెంబర్ 2

ఏడో బల్ల మెకానిక్ గారికి,

నమస్కారం. మీ పేరు తెలియదు. పెట్టె మీద అంటించిన చీటీలో బల్ల నంబరు ఏడు అని ఉంది కాబట్టి అలాగే పిలుస్తున్నాను. మీకూ మీ బల్లకీ క్షేమమే అనుకుంటాను.

ఆ చీటీ గురించే ముందు చెప్పాలి. రెండు కంట్రోలర్లూ పరీక్షించాం, లోపం ఏమీ లేదు, అని అట్ట మీద అంత లావు అక్షరాలతో అంటించకపోతే మీ ఉద్యోగం ఊడుతుందా? రాసేదేదో ఒక కాగితం మీద రాసి లోపల పెడితే నేను చూసుకునేదాన్ని. ఆ రోజు కొరియర్ మనిషి వస్తే మావారే వెళ్లి తలుపు తీశారు. పెట్టె అందుకుని గుమ్మంలోనే నిలబడి ఆ చీటీ పైకే చదివారు. కూడబలుక్కుంటూ చదివారు. తర్వాత పెట్టె బల్ల మీద పెట్టి కిటికీ దగ్గర కూర్చున్నారు. ఆ పూట భోజనం కూడా సరిగా చేయలేదు. నాకు మీ మీద ఎంత ఒళ్లు మండిందో రాయడానికి ఇది చోటు కాదు.

మిషన్ మళ్లీ పంపుతున్నాను. అదే లోపం. మొదటి మెట్టుకి కింద తాడు బిగించక్కర్లేదు కాబట్టి ఎర్ర టోపీవాడు అదెక్కి పైనుంచి తాడు లాగుతాడు. నీలం టోపీవాడు కింద నిలబడి ఉంటాడు. ఉంటాడు, అంతే. వాడు కదలడు, నేను వాణ్ణి వదిలి ముందుకి పోలేను. అలా తెర మీద ఇద్దరూ చెరో చోట నిలబడి ఉంటే, గదిలో మేమిద్దరం పక్కపక్కనే కూర్చుని చూస్తుంటాం. మీ పరీక్షలో ఇది కనబడలేదంటే మీరు సరిగా చూడలేదన్నమాట. మొత్తం రిమోటే మార్చి పంపండి. వారంటీలో ఆ మాట ఉంది, నేను చదివాను.

ఒక విషయం మాత్రం ఒప్పుకోవాలి. మిషన్ మీ దగ్గరున్నన్నాళ్లూ మా ఇల్లు బాగానే గడిచింది. మావారు రోజూ పొద్దున్నే ఏమైనా కబురొచ్చిందా అని అడిగేవారు. రాలేదంటే మిమ్మల్ని తిట్టేవారు. మాట తిరిగొచ్చాక ఆయన అంత పొడుగు వాక్యాలు మాట్లాడటం అప్పుడే విన్నాను. ఇలాంటి నాసిరకం సరుకు అమ్మేవాళ్లని ఊరికే వదలకూడదట. మిషన్ వచ్చేలోగా చెయ్యి సిద్ధంగా ఉండాలని రబ్బరు బంతి పిసికేవారు. మిమ్మల్ని తిట్టినందుకు ఏమీ అనుకోకండి, ఆయనకి ఇప్పుడు తిట్టడానికి కూడా మనుషులు కరువయ్యారు.

అసలు మా ఇంటికి ఎవరొస్తారు? కొట్టు మూసేశాక కొలతలిచ్చేవాళ్లు రావడం మానేశారు. మా ఆడపడుచు మొదట్లో వచ్చేది, అన్నయ్యని ఇలా చూడలేనని ఇప్పుడు ఫోన్ కూడా చేయడం లేదు. కొరియర్ మనిషి సంతకం పెట్టించుకుని, నేను మంచినీళ్లు కావాలా అని అడిగేలోపు మెట్లు దిగిపోతాడు. అందుకే ఉత్తరం పొడుగైంది.

ఇట్లు,
మీ మీద ఇంకా కోపం తగ్గని కస్టమరు


నవంబర్ 27

ఏడో బల్ల మెకానిక్‌కి,

బాబూ, నువ్వు బాగున్నావా? మీరు అనడం మానేశాను, గమనించే ఉంటావు. నీ చేతిరాత చూస్తే చిన్నవాడివని తెలిసింది.

నువ్వు కొత్త రిమోట్ వేసి పంపావు. పెట్టె మీద మాత్రం మళ్లీ అదే చీటీ. ఈసారి నేనే ముందు వెళ్లి పెట్టె తీసుకుందామనుకున్నాను, కానీ ఆయన రోజంతా గుమ్మం దగ్గరే కుర్చీ వేసుకుని ఉంటే ఏం చేయను? మళ్లీ చదివారు. ఈసారి కూడబలుక్కోలేదు, గబగబా చదివేశారు. చదవడం మెరుగైందని సంతోషించాలో ఏం చేయాలో నాకు తెలియలేదు.

లోపల నువ్వు పెట్టిన కాగితం నేను విడిగా చదివాను. మూడోసారి కూడా లోపం కనబడకపోతే కంపెనీ నియమం ప్రకారం డబ్బు వాపసు ఇచ్చి మిషన్ వెనక్కి తీసుకుంటారని రాశావు. కింద ఇంకో సిరాతో, ఏమీ అనుకోకండమ్మా, ఇంట్లో ఆ రెండో కంట్రోలర్ పట్టుకునేది ఎవరు, అని అడిగావు. అన్నేళ్లు కౌంటర్‌లో కూర్చున్నాను, అలాంటి ప్రశ్న నేను ఎవరినీ అడగలేదు. దాంతో నీ మీద కోపం పోయింది.

పట్టుకునేది మావారే. ఎవరు పట్టుకుంటారు మరి.

డబ్బు వాపసు మాకు వద్దు. మిషన్ పోతే సాయంత్రం ఏం చేయాలో మాకు తెలియదు. ఆరు గంటలకి టీ పెడతాను, తాగుతాం, కప్పులు కడుగుతాను. ఆ తర్వాత నిద్రపోయే దాకా చాలా సమయం ఉంటుంది బాబూ. ఆయన నా ఎదురుగానే ఉంటారు. ఆయన కోసం నాకు బెంగగా ఉంటుంది. మనిషి ఎదురుగా ఉండగా బెంగేమిటని నువ్వు అనుకోవచ్చు. కొండెక్కేటప్పుడు ఆయన నన్ను వెక్కిరించేవారు. నేను తొందరపడి దూకుతానని, ఆయన తాడు పట్టుకోకపోతే ఈపాటికి నా ఎముకలు ఏరుకోవాల్సి వచ్చేదని. ఇప్పుడు నేను కావాలనే తప్పుగా దూకినా ఏమీ అనరు.

వారంటీ వచ్చే వారంతో అయిపోతుంది. అందుకే గడువు లోపలే మిషన్ మూడోసారి పంపుతున్నాను. ఫిర్యాదు అదే, రెండో రిమోట్‌లో లోపం. పెట్టె కట్టేటప్పుడు మావారు పక్కనే ఉండి, ఎడమ చేత్తో టేపు పట్టుకుని సాయం చేశారు. ఈసారి అటో ఇటో తేల్చుకోమన్నారు. తేల్చుకుంటానని మాటిచ్చాను.

చలి మొదలైంది, జాగ్రత్తగా ఉండు. వేళకి తిను.

ఇట్లు,
నీ చేత మూడుసార్లు ఒకే పని చేయించిన అమ్మ

తా.క. ఈ ఉత్తరమంతా వేరుగా మడిచి రిమోట్ కింద పెడుతున్నాను, పెట్టెలో పైన పెట్టిన రెండు ముక్కల ఫిర్యాదు కాగితం మాత్రమే ఆయనకి చూపించాను. రెండో రిమోట్‌లో ఏ లోపమూ లేదు. మిషన్ మా ఇంటికి వచ్చిన రెండో రోజే, ఆయన మధ్యాహ్నం పడుకున్నప్పుడు నేను రెండు రిమోట్లూ ఒళ్లో పెట్టుకుని, ఒక చేత్తో ఒకటి, ఇంకో చేత్తో ఇంకొకటి నొక్కుతూ ఆడి చూశాను. నీలం టోపీవాడు లేడిపిల్లలా పరిగెత్తాడు. ఇద్దరినీ మంచు దాకా ఎక్కించాను. ఏడుపొచ్చింది. మళ్లీ జాగ్రత్తగా కిందికి దింపి, ఆయన లేచేసరికి మొదటి మెట్టు దగ్గరే నిలబెట్టేశాను. ముందు రోజు సాయంత్రం ఆయన బొటనవేలు బటన్ మీద పెట్టి ఎంతసేపు చూశారో, వాడు కదలకపోతే తన వేలి వంక ఎలా చూసుకున్నారో నాకు గుర్తుంది. ఆ చూపు చూడలేక, మీ తప్పేం లేదండీ, వీళ్లు పాడైన సరుకు అంటగట్టారు, అని నేనే అనేశాను. ఆయన మొహం తేటపడింది. ఊరుకోకు, వెనక్కి పంపు, అన్నారు. అలా మొదలైంది. మిషన్ నీ దగ్గరున్నన్నాళ్లూ పాడైంది మిషనే. నీ చీటీ వచ్చిన రోజున మాత్రం పాడైంది తనేనని ఆయనకి తెలిసిపోతోంది. బాబూ, నువ్వు నియమం తప్పితే మాట పడతావేమో, అది నాకు తెలుసు. అయినా అడుగుతున్నాను. వారంటీ అయిపోయినా ఫరవాలేదు, ఎంత ఆలస్యమైనా ఫరవాలేదు. ఈసారి పెట్టె మీద రెండో కంట్రోలర్‌లో లోపం ఉంది అని రాయి. లావు అక్షరాలతోనే రాయి, ఆయన గుమ్మంలో నిలబడి చదువుకుంటారు.