శని బొమ్మ మీద ఊదా ముద్ర

మంగంపేట,
1957 డిసెంబరు.

గ్రంథాలయముల ఇన్‌స్పెక్టరు గారి సముఖమునకు, మంగంపేట ముగ్గురాయి గుంతలో గడ్డపార పని చేయు మారెన్న, తండ్రి తిమ్మయ్య, వ్రాసుకొన్న అర్జీ.

అయ్యా,

విషయం: శాఖా గ్రంథాలయపు పుస్తకము ఒకదాని మీద తప్పుగా పడిన ‘జ్యోతిషము’ అను ముద్రను కొట్టివేయించి, అది ఖగోళ పుస్తకమనియు, దానిని చదివిన నేను జ్యోతిష్కుడను కాననియు తమ సంతకముతో కాగితము ఇప్పించుట గురించి.

తమ కచేరీకి ఇంతకన్న పెద్ద తగాదాలు వచ్చును. ఒక పుస్తకము మీద ఒక ముద్ర తప్పు పడినంత మాత్రాన ఎవరి కొంప మునిగినదని తాము అనుకొనవచ్చును. కొంప మునుగుట గురించే ఈ అర్జీ. కింది అంశములు వరుసగా చదువ ప్రార్థన. మధ్యలో నాకు కోపము వచ్చిన చోట్ల తాము ఓర్చుకొనవలెను.

1. నేను బడికి పోయినవాడను కాను. రాయి తీసుకొనిపోవు లారీల మీది అక్షరములు, గోనె సంచుల మీది అచ్చు చూచి చూచి కూడబలుక్కొని చదవను నేర్చితిని. ఇందులో తప్పులుంటే అవి లారీల తప్పులు. గ్రంథాలయములో మొదట కథల పుస్తకములు తీసితిని. వాటిలో కష్టపడే కూలివాడు చివరకు ఏ జమీందారు కొడుకో అని తేలుతాడు. విసిరికొట్టి, అట్ట లేని ఈ పుస్తకము తీసితిని. ఒక్కొక్క చుక్క ఒక్కొక్క సూర్యుడని, దాని వెలుతురు మన తాతల కాలములో బయలుదేరి ఇప్పుడు మన కంట పడుతున్నదని అందులో ఉన్నది. సప్తర్షులను పట్టుకొని ధ్రువ నక్షత్రమును ఎట్లా వెదకవలెనో ఉన్నది. మనిషి ఏదో ఒకనాటికి చంద్రుని మీదికి పోవునని కూడా ఉన్నది. చదివిన పొద్దు నాకు సంతోషము కలుగలేదు. కోపము వచ్చినది. ఇంత పెద్దది నెత్తి మీద ఉండగా, ఇన్నేండ్లు నాకు ఒక్కడూ చెప్పలేదే అని. గుంత అడుగున నిలబడితే ఆకాశము తువ్వాలంత. లోతు గుంతలో నుంచి చూస్తే పగలే చుక్కలు కనబడునని ఎవరో అన్నారు. మా గుంత శానా లోతు. తల ఎత్తి చూచితిని. చుక్కలు కనబడలేదు. అంచు మీద మేస్త్రి గోపన్న తల కనబడినది.

2. సదరు పుస్తకములో పేరు ఉన్న పుటను చెదలు తిన్నవి. గ్రంథాలయము చూచు ప్రేమయ్య గారి వద్ద ముద్రలు నాలుగే ఉన్నవి. కథలు, భక్తి, వైద్యము, జ్యోతిషము. ఖగోళమునకు ముద్ర లేదు. ఆయన పుటలు తిరగేసి, చుట్టూ కట్టు ఉన్న శనిగ్రహము బొమ్మ మీదనే ‘జ్యోతిషము’ అని ఊదా సిరాతో గుద్దినారు. ఇదేమని నేను అడిగితే ఆయన చెప్పిన జవాబు:

“శని ఉండాడు, కుజుడు ఉండాడు, గురుడు ఉండాడు. ఇంగేం కావల్ల మారెన్నా? నేను కిరస్తానం వాణ్ణి. నాకీ గ్రహాలతో పొత్తు లేదు. ఉండే ముద్ర వేసినా.”

“ఇందులో జాతకాలు లేవు సార్. దూరాలు ఉండాయి.”

“దూరాలకు ముద్ర లేదప్పా.”

“అయితే కొట్టేయండి.”

“వేసేదానికే నాకు అధికారం. కొట్టేసేదానికి పైనుంచి కాగితం రావల్ల.”

ప్రేమయ్య గారు మంచివారు. ఆయన మీద నాకు ఫిర్యాదు లేదు. ముద్ర మీదనే ఉన్నది.

3. మా వాళ్లకు అక్షరము రాకున్నా ఊదా ముద్ర తెలుసును. కచేరీ కాగితము మీద పడేది అదే. అది పడితే భూమి ఒకడి చేతిలో నుంచి ఇంకొకడి చేతికి పోతుంది. అట్టి ముద్ర నా చేతిలోని పుస్తకము మీద చూచినారు. మేస్త్రి గోపన్నకు చదువు సగమే వచ్చును. ఈ మాట ఆ సగములో పడినది. అందరూ వినేటట్లు చదివినాడు. ఆనాటి నుంచి నేను జోస్యుడను. కాదంటే, “పెద్ద జోస్యులు అట్లనే అంటారు” అంటారు. నాతోబాటు పని చేయు విశ్వాసమ్మ నా గుడిసె దాకా వచ్చినది.

“మేము జోస్యం అడగరాదప్పా, ఫాదరు తిడతాడు. నేను అడగను. నా మేక యాడికి పోయిందో నువ్వే ఊరికే చెప్పు.”

రష్యా వారు కృత్రిమ చంద్రుని ఎగరవేసినారని, రెండవసారి అందులో ఒక కుక్కను కూర్చోబెట్టినారని పత్రికలో చదివి గుంతలో చెప్పితిని. లోకము ఎటు పోతున్నదో వీరికి తెలియవలెనని చెప్పితిని. మరునాడు ఒకడు వచ్చి, “కుక్క ఈ పొద్దు ఏ రాశిలో ఉండాదప్పా?” అని అడిగినాడు. సరియైన ప్రశ్న అడిగినది మా అక్క భీమక్క ఒక్కతే. నన్ను పెంచినది ఆమె. ఇప్పుడు నేను తవ్విన రాయిని గంపకెత్తి మోయునదీ ఆమెయే.

“ఆ కుక్క మళ్లా దిగేదానికి దారి పెట్టినారా?”

“పెట్టలేదంట అక్కా.”

“అయితే ఆడ గూడా మేస్త్రీలు ఉండారు.”

4. ఈ అంశము కోపములో వ్రాసినందున కొట్టివేయడమైనది.

5. ఇంతవరకు నవ్వులాట. మొన్నటి వానలకు గుంత తూర్పు గోడ పై నుంచి కింద దాకా నెర్రె ఇచ్చినది. మా పనిలో ఒక పద్ధతి ఉన్నది. నెర్రెకు అడ్డముగా తడిమన్ను పూసి వదిలిపెట్టవలెను. మన్ను ఆరి అట్లే ఉంటే గోడ నిలిచినట్లు. నడిమికి తెగితే గోడ నడుస్తున్నట్లు. ఇది నేను కనిపెట్టినది కాదు, గుంతలో పెరిగిన ప్రతివానికీ తెలుసును. నేను పూసిన మన్ను తెగినది. మళ్లీ పూసితిని. మళ్లీ తెగినది. ఆ గోడ కిందనే మంచి తెల్లరాయి తగిలినది, కాబట్టి కంట్రాక్టరుకు ఆ గోడ కిందనే పని కావలెను. నేను గనుల తనిఖీ అధికారి గారికి అర్జీ పెట్టితిని. అది కూడా ఇట్లే నంబర్లు వేసి వ్రాసితిని.

6. ఆయన వచ్చినారు. గుంత అంచుకు రాకముందే గోపన్న ఎదురుపోయి చెప్పినాడు.

“ఆ అర్జీ రాసినోడు జోస్యుడు సార్. చుక్కలు చూసి గోడ కూలుతాదంటాన్నాడు. కూలోళ్లను బెదరగొడతాన్నాడు.”

అధికారి గారు నన్ను పిలిపించినారు. జాతకములు చూస్తావా అని అడిగినారు. లేదు, గోడ చూస్తాను అంటిని. చంకలో పుస్తకమేమి అన్నారు. చూపితిని. శని మీద ముద్ర చూచి నవ్వినారు. “మట్టి సంగతి మట్టి వాళ్లు చూసుకుంటారులే, నువ్వు నక్షత్రాలు చూసుకో” అన్నారు. నేనే ఆ మట్టివాడినని చెప్పేలోపల జీపు ఎక్కినారు. గుంతలో దిగలేదు. తెగిన మన్ను చూడలేదు. నేను అబద్ధము చెప్పి ఉంటే నన్ను జైలులో పెట్టవచ్చును. నిజము చెప్పినందుకు నవ్వినారు. దీనికి ఏ కచేరీలో అర్జీ పెట్టవలెనో తమకు తెలిస్తే తెలుపవలెను.

7. పనివారు ఆ గోడ కింద దిగము అని మొండికేసినారు. కంట్రాక్టరు, పని అంటే అక్కడనే, లేకుంటే ఎక్కడా లేదు అన్నాడు. పొయ్యిలు ఆరిపోతున్నవి. అందరికీ భయమున్నది, ఆకలీ ఉన్నది. భయము పోగొట్టే మాట ఒకటి ఎవరైనా అంటే చాలు, దిగుతారు. గోపన్న ఆ మాట నా నోట పలికించవలెనని చూస్తున్నాడు. మారెన్న మంచి పొద్దు చూచి చెప్పును, ఆ పొద్దున దిగుదము అని చాటినాడు. అయ్యా, ఇది గమనించవలెను. అధికారి ముందర నా మాట చెల్లకుండా చేయుటకు నేను జ్యోతిష్కుడను. పనివారి ముందర వారిని గుంతలోకి తోయుటకు కూడా నేనే జ్యోతిష్కుడను. ఒకటే ముద్ర, రెండు వైపులా నన్నే కోస్తున్నది. పొద్దు చెబితే మా అక్క గంపతో మొదటి వరుసలో దిగుతుంది. చెప్పకుంటే పిల్లల ఆకలికి నేనే కారణమంటారు. నెర్రె చూడండి అంటే, “నెర్రె మాకూ తెలుసప్పా, గ్రహాలు ఏమంటాండాయో చెప్పు” అంటారు. మా అక్క కూడా నిన్న ఇట్లనినది.

“నువ్వు చెప్పకుంటే ఇంగొకణ్ణి పిలుచుకొచ్చి చెప్పిస్తాడు తమ్ముడా. వానికి మన మీద జాలి యాడిది?”

8. కావున తాము దయచేయవలసినవి. సదరు ముద్రను కొట్టివేయుటకు ప్రేమయ్య గారికి ఉత్తరువు. ఖగోళము అను ముద్ర ఒకటి కొత్తగా చేయించి పంపుట. ఈ పుస్తకము చదివినవాడు జ్యోతిష్కుడు కాడని నా పేర కాగితము. ఆ కాగితము పట్టుకొని నేను మళ్లీ గనుల అధికారి గారి వద్దకు పోయెదను. అప్పుడైనా నా మాట మట్టి మాటగా వింటారు. తమరు వచ్చి చూస్తానంటే పుస్తకమును, నెర్రెను రెండింటినీ చూపెదను. రెండూ ఒక్క ఊరిలోనే ఉన్నవి.

పై సంగతులన్నియు చిత్తగించవలెను. చిత్తగించి చెత్తబుట్టలో వేయకుండవలెను.

ఇట్లు,
తమ విధేయుడు,
జ్యోతిష్కుడు కాని మారెన్న.

తా.క. అయ్యా, ఈ కవరు ఇంకా అంటించలేదు. అంతలో ఈ పొద్దు గోపన్న అందరినీ గుంత అంచున నిలబెట్టినాడు. గంపలు నెత్తిన ఉన్నవి. మా అక్క ముందర ఉన్నది. “ఏమప్పా జోస్యుడా, పొద్దు చూసినావా, లేదా?” అన్నాడు. నేను నెర్రె అని నోరు తెరిచితిని. ఎవరూ నా వైపు చూడలేదు, పుస్తకము వైపు చూచినారు. అప్పుడు నాకు ఏమైనదో తెలియదు. శని పుట తీసి పైకెత్తి పట్టితిని.

“చూడండి. ఇతను శని. చుట్టూ కట్టు చూసినారా? ఆ కట్టు ఊడేంతవరకు తూర్పు గోడ కింద కాలు పెట్టినోడు పైకి రాడు.”

గోపన్న, “ఏందిరా, ఏం వాగుతాండావు?” అన్నాడు.

“నేను కాదు మేస్త్రీ. సర్కారు ముద్ర ఉండాది. చదువు. నీకు వచ్చే మాటే.”

అతడు చదవలేదు. చదివి చాటినవాడు అతడే, ఇప్పుడు కాదని ఎట్లా అంటాడు. విశ్వాసమ్మ గంప దించి, “ఆ కట్టు ఎప్పుడు ఊడుతాదప్పా?” అని అడిగినది. ఊడినప్పుడు చెబుతానంటిని. అందరూ గంపలు దించినారు. ఇండ్లకు పోయినారు. మా అక్క చివర నిలబడి, “కుక్కకు గూడా ఇట్లా ఒకడు ఉండింటే బాగుండు” అని పోయినది. అది మెచ్చుకోలో తిట్టో నేను అడుగలేదు.

కాబట్టి పైన వ్రాసినది రద్దు. ముద్రను కొట్టివేయవద్దు. పై భాగము చదివి అప్పుడే ఉత్తరువు వ్రాసి ఉంటే చింపివేయవలెను. నేను ఖగోళమని నెత్తీ నోరూ కొట్టుకొన్న నాడు వినని వారు ఈ పొద్దు అబద్ధమునకు విన్నారు. ఆ అబద్ధమునకు ఉన్న బలమంతా ఊదా సిరాదే. ఆ కట్టు ఊడేది కాదని, కోటానుకోట్ల రాళ్లు మంచుగడ్డలు అట్లే తిరుగుచుండునని ఆ బొమ్మ వెనుక పుటలోనే ఉన్నది. అందుచేత పుస్తకము వాపసు ఇవ్వను. గడువు దాటినది, దాటనీ.

వీరు కొన్ని పొద్దులు ఓర్చుకొందురు. తరువాత శనిని తిట్టెదరు, ఆ తరువాత నన్ను, ఆ తరువాత ఆకలికి దిగెదరు. అంతలోపల గోడ చూడను మనిషిని పంపించండి. గ్రంథాలయము వాడైనా సరే, గుంతలో దిగేవాడు కావల్ల.

ఇది వ్రాస్తుండగా గుడిసె ముందర ఇద్దరు ముహూర్తమునకు వచ్చి కూర్చున్నారు. పొమ్మంటే పోరు. పొమ్మనను కూడా రాదు నాకు ఇంక.

తమ విధేయుడు,
మారెన్న,
జ్యోతిష్కుడు.