అయిదో ప్రతివాది

మార్చి 4

కవరు తిరిగొచ్చింది. డోర్ లాక్డ్ అట. హైకోర్టు నోటీసు అది. ఆళ్లగడ్డ ఆసుపత్రిలో నాకు రావాల్సిన ల్యాబ్ టెక్నీషియన్ పోస్టులో కూర్చున్న ఏసమ్మకు పంపింది. నా కేసులో ఆమె అయిదో ప్రతివాది. నోటీసు అందినట్టు రుజువు లేనిదే కేసు కదలదు. నేనే పోయి చేతికిస్తానన్నా. కొట్లాడొద్దు సుప్రజా అని లాయరు నారాయణ సార్ రెండుసార్లు చెప్పాడు.

మార్చి 5

నోటిఫికేషన్‌లో ఏముంది? ఔట్‌సోర్సింగ్‌లో చేసిన ఏడాదికి రెండు మార్కులు. దరఖాస్తులు తీసుకున్నాక, సర్టిఫికెట్లు చూడకముందు, కొత్త జీవో తెచ్చి ఆ మార్కులు ఎత్తేశారు. నంద్యాలలో నాలుగేళ్లు నేను తీసిన రక్తానికి విలువ సున్నా. అక్కర్లేదని వాళ్లన్నా వినకుండా నా సర్వీసు సర్టిఫికెట్ ఇచ్చి రసీదు తీసుకున్నా. జీవోలు చదవడం నాకెవరూ నేర్పలేదు. డిక్షనరీ పక్కన పెట్టుకుని నేనే నేర్చుకున్నా.

నాకు 71. ఆమెకు 74. నా ఎనిమిది కలిపితే 79. పోస్టు నాది.

అసలు ఎట్లా ఉంటుందో ఈమె?

మార్చి 7, మధ్యాహ్నం 3, ఆళ్లగడ్డ బస్టాండ్

నోటీసు ఇచ్చేముందు ఆమె పని చూడాలనిపించింది. నీరసమని చెప్పి రక్తపరీక్ష రాయించుకుని క్యూలో నిలబడ్డా.

ఒక్క గుచ్చు. నా నరం నాకే దొరకదు, ఆమెకు దొరికింది. నేను లేవకముందే ట్యూబు మీద పేరు రాసింది. కాలేజీలో వచ్చే చేయి కాదది. యాడ నేర్చుకున్నావక్కా అని అడిగా. మిడుతూరులో ఏడేండ్లు ఔట్‌సోర్సింగ్ చేసినా పాపా, ఊరికే వస్తాదా అంది. మరి సర్టిఫికెట్ ఇచ్చినావా అంటే, రూలు మారిపాయ గదా, ఇంగ దాంతో ఏం పని, ఇంట్లో పడుంది అంది.

నోటీసు తీసిచ్చా. నిదానంగా చదివింది. ఓహో, నా ఉద్యోగం పీకేదానికి వచ్చిన తల్లివి నువ్వేనా, ముందే చెప్పింటే లావు సూది తీసేదాన్ని గదా అంది. క్యూలో వాళ్లు నవ్వారు. నాకూ నవ్వొచ్చింది. అందుకు ఇంకా కోపమొచ్చింది. సంతకం పెట్టింది.

ఏడేళ్లంటే పద్నాలుగు మార్కులు. ఆమె 74కు కలిపితే 88.

మార్చి 8

నారాయణ సార్‌కు చెప్పా. ఆ కాగితం కోర్టులో లేదు, లేనిది జడ్జికి యాడ కనపడతాది, నువ్వు నోరు మూసుకో, గెలుస్తాండాము అన్నాడు.

మార్చి 9

79. 88.

మార్చి 12

చేసిన పనికి మార్కులివ్వాలని కదా నా పిటిషన్. నేను చేసిన పనికి మాత్రమే అని ఎక్కడైనా ఉందేమోనని మళ్లీ చదివా. పద్దెనిమిది పేజీలు. లేదు.

మార్చి 14

ఏసమ్మకు ఫోన్ చేశా. కోర్టుకిచ్చే జవాబుతో పాటు మిడుతూరు సర్టిఫికెట్ పెట్టమన్నా. నీకేమన్నా పిచ్చి పట్టిందా పాపా అంది.

కేసు వెనక్కి తీసుకోను. రూలు మార్చడం తప్పని జడ్జి చేత చెప్పిస్తా. ఆ తర్వాత ఓడిపోతా.