ఇంటి ఓనరు రాసిన రుజువు

12 జూన్ 1995
కాలేజీ తెరిచిన్రు. కొత్త బ్యాచ్. మొదటి క్లాసులనే ఒక పిల్ల లేచి — మేడం, మీరు ఎమ్.ఫిల్. దేని మీద చేస్తున్నరు?
రుజువు చెయ్యరాని నిజాల మీద అన్న.
పిల్ల జాలిగ చూసి కూసున్నది.

14 జూన్
అదే ప్రశ్న ఇయ్యాల మెట్ల కాడ ఓనరు విఠల్ రావు గారు అడిగిన్రు. అదే జవాబు చెప్పిన. చెప్పకుంటె బాగుండు. జిందగంత కోర్టుల జడ్జి ముందట ఫైళ్ళు పెట్టే పేష్కారు పని చేసి రిటైరైన మనిషి.
"రుజువు గాని నిజం ఏందమ్మా? రుజువు గాకపోతె కేసు కొట్టేస్తరు. గంతే."
నేను నవ్విన. ఆయన నవ్వలే.

17 జూన్
చిక్కడపల్లి మార్కెట్ నుంచి వస్తుంటె గేటు కాడ ఓనరు నిలబెట్టిన్రు. చేతుల తోటకూర. అట్లనే నిలబడి చెప్పిన — ఒక వాక్యం ఉన్నదనుకోండి సార్. "నన్ను ఈ నియమాలతోని రుజువు చెయ్యలేరు" అంటది. రుజువు చేస్తిమా, అది అబద్ధమైతది. అంటె మన నియమాలు అబద్ధాన్ని రుజువు చేసినట్టు. చెయ్యలేకపోతిమా, అది చెప్పింది నిజమే... కని రుజువు లేదు.
"గసొంటి సాక్షిని బోనుల నుంచి దింపేస్తరు."
దింపలేం సార్. పైకి చూస్తె అది మామూలు అంకెల గురించిన వాక్యమే. కూడికలు, గుణకారాలు ఉన్న కాడల్ల అది గూడ ఉంటది.
ఆయన మీసం కొరుక్కుంట నిలబడ్డరు. నా తోటకూర వాడిపోయింది. అశోక్ నగర్‌ల కోచింగు నుంచి ఆకలితోని వచ్చిన మా చెల్లె లలిత, దాన్ని చూసి గుడ్లు కొట్టి ఆమ్లెట్ వేసింది.

20 జూన్
ఓనరు సారు నా థీసిస్ మొదటి చాప్టర్ అడిగి తీస్కపోయిన్రు. ఆ కాలపు బీఎస్సీ లెక్కలట. "జర టైంపాస్" అన్నరు.

23 జూన్
వాపస్ వచ్చింది. "ఇది స్పష్టం" అని నేను రాసిన ప్రతి చోట ఎర్ర ఇంకుతోని — "ఎట్ల?"
ఒక చోట నాకు గూడ తెల్వది, ఎట్లనో. అది గైడు చెప్తె రాసిన.

26 జూన్
నా సిద్ధాంతం తప్పని కిందింట్ల నుంచి ఓనరు రాసిన మొదటి రుజువు వచ్చింది. పైన హెడ్డింగు: చట్ట సవరణ. రుజువు గాని ఆ వాక్యాన్నే కొత్త నియమంగ కలుపుకుంటె సరిపాయె అంటరు.
కలిపితె ఇంకో వాక్యం పుడ్తది సార్.
"దాన్ని గూడ కలుపుత."
ఇంకోటి పుడ్తది.
"కలుపుత."
లోపల్నుంచి వాళ్ళింటామె శకుంతలమ్మ గారు — "అన్నం సల్లారుతున్నది. ముందుగాల అది కలుపుకోని తిను."

28 జూన్
ఇయ్యాల కొత్త వాదన. ఉన్న నిజాలన్నిటినీ ఒకేసారి నియమాలు చేసేస్తరట.
మరి ఏది నియమమో ఏది కాదో గుర్తుపట్టాలె గద సార్?
"గెజిట్‌ల వేస్తరు."
ఆ గెజిట్ ఎవరు రాస్తరు?
లేచి లోపలికి పోయిన్రు. గెలిచిన. పైకొచ్చి ఛాయ పెట్టుకోని నిమ్మలంగ తాగిన.

3 జూలై
గెలవలే.
పన్నెండు పేజీలు తెచ్చిన్రు. మొత్తం కోర్టు భాష. "ప్రతివాది అయిన సదరు వాక్యము, పై నియమముల చేత చెల్లు రుజువు తనకు లేదని వాదించుచున్నది..." చదువుతుంటె నవ్వొచ్చింది. ఆరో పేజీ దాంక నవ్విన. తర్వాత నవ్వు ఆగింది.
తప్పు కనబడ్తలేదు.

5 జూలై
కనబడ్తలేదు.

6 జూలై
సమితుల పాఠం చెప్పుకుంట బోర్డు మీద చెయ్యి పెట్టి "సదరు సమితి" అన్న. క్లాసంత నవ్వింది.

8 జూలై
లలిత — "అక్కా, ఆయనే రైటేమో?"
అరవై ఏండ్ల సంది ప్రపంచమంత ఒప్పుకున్న సిద్ధాంతమే అన్న.
"ప్రపంచం సంగతి సరే. నీకు తప్పు దొరికిందా?"
ఈ పిల్లకు గ్రూప్ వన్ ఇంటర్వ్యూల ఫికర్ లేదు.
ఆగస్టుల నా వైవా. ఆ పన్నెండు పేజీలు నిజమైతె దేని మీద చెప్పాలె?

10 జూలై
ఓనరు సారు బాగ్ లింగంపల్లిల చిన్న హాలు మాట్లాడిన్రట. ఇరవై మూడో తారీకు ఆదివారం ప్రసంగం. కార్డులు గూడ అచ్చయినయి. "అసంపూర్ణతా సిద్ధాంత ఖండన." దాని కింద — "పరిశీలన: కుమారి విజయ, గణిత శాఖ."
నన్ను అడగలే. అక్షరాలు బంగారు రంగుల ఉన్నయి. కార్డు మాత్రం బాగున్నది.

15 జూలై
దొరికింది.
నారాయణగూడ స్టాపుల బస్సెక్కిన. ఎవరో పిల్లతోని కండక్టరు లొల్లి. "పాస్ చెల్లుతది. ఈ బస్సుల చెల్లదంటున్న." "చెల్లుతదంటివి గద?" "చెల్లుతది. ఈడ చెల్లదు."
నాకు ఒక్కసారి మూడో పేజీ యాదికొచ్చింది. మూడో పేజీల "చెల్లు రుజువు" అంటె నియమాల ప్రకారం రాసిన రుజువు. తొమ్మిదో పేజీకొచ్చేసరికి "చెల్లు రుజువు" అంటె ఎన్నడు అబద్ధం చెప్పని రుజువు. మాట ఒకటే. అర్థాలు రెండు. మా నియమాలు ఎన్నడు ఒకదానికొకటి ఎదురు మాట్లాడవు అన్న సంగతి ఆ మాటల దూరి, చప్పుడు చెయ్యకుండ లోపలికొచ్చింది. అదే ఆ నియమాలతోని రుజువు చెయ్యరాదు. నా రెండో చాప్టరంత అదే.
చిక్కడపల్లి స్టాప్ దాటిపోయిన. నడుచుకుంట వాపస్ వచ్చిన. సంతోషంతోని కాళ్ళు తేలుతున్నయి. గేటు కాడికొచ్చినంక బంగారు కార్డు యాదికొచ్చింది.

16 జూలై, ఆదివారం
చెప్పిన.
శకుంతలమ్మ గారు సర్వపిండి పెట్టిన్రు. విఠల్ రావు గారు మూడో పేజీ చదివిన్రు, తొమ్మిదో పేజీ చదివిన్రు, మల్ల మూడోది. నా సర్వపిండి ముక్క చేతులనే ఉన్నది.
"కార్డులు పంచిన" అన్నరు.
నేను ముక్క పళ్ళెంల పెట్టిన.
"ఒక్క మాటే గద. ఎవరు చూస్తరమ్మా?"
నేను చూసిన గద సార్.
"నువ్వు చెప్పకపోతె?"
తల అడ్డం ఊపిన. నా పేరు గూడ ఆ కార్డు మీద ఉన్నదని అనబుద్ధి కాలే.
"ఇల్లు ఖాళీ చెయ్యుండ్రి" అన్నరు. "మా తమ్ముని కొడుకు వస్తుండు."
ఆయనకు తమ్ముడు లేడు.

18 జూలై
మోటరు వేస్తలేరు. లలిత ఖాళీ బకెట్ పట్టుకోని — "అక్కా, తొమ్మిదో పేజీకి మనం నీళ్ళెందుకు బంద్ చేసుకోవాలె?"
పొద్దున ఆయన పాల కోసం బయటికి పోంగనే, శకుంతలమ్మ గారు వెనక తలుపు కాడ రెండు బిందెలు పెట్టిపోయిన్రు. మూత మీద కరివేపాకు గూడ ఉన్నది.

20 జూలై
విద్యానగర్‌ల ఒక పోర్షన్ చూసినం. వంటింటి కిటికి తెరిస్తె పక్కోళ్ళ బాత్రూం. ఆ ఓనరమ్మ — ఏం చేస్తరమ్మా?
లెక్కలు చెప్త అన్న. అంతకు మించి ఒక్క ముక్క చెప్పలే.

23 జూలై, ఆదివారం
పోవద్దనుకున్న. పోయిన. వెనక వరసల కూసున్న. రిటైరైన కోర్టోళ్ళు, చుట్టాలు. బయట బోనాల డప్పులు. ఆయన ఇస్త్రీ చేసిన తెల్ల అంగీ వేసుకోని మైకు ముందట నిలబడ్డరు. డప్పు ఆగినప్పుడు ఒక వాక్యం, మోగినప్పుడు మౌనం. అట్లనే తొమ్మిదో పేజీ దాంక వచ్చిన్రు.

కండ్లద్దాలు తీసిన్రు. "ఈడ నేను ఒకే మాటను రెండు అర్థాలల్ల వాడిన. నాకు తెల్వలే. మా ఇంట్ల కిరాయికుండే అమ్మాయి చూసింది. గందుకని వాదన ఈడికే ఆగుతది."
ముందు వరసల నుంచి ఒక ముసలి వకీలు — "ఇగ కేసు గెలిచినట్టా, ఓడినట్టా?"
"ఓడిన" అన్నరు. కాగితాలు మడిచిన్రు.
అందరు చప్పట్లు కొట్టిన్రు. ఎవరికేం అర్థమైందో దేవునికే తెల్వాలె. ఒకాయన పోయి పూలదండ గూడ వేసి — మస్తు ఖండించిన్రు విఠల్ రావు గారూ.
నా పక్కన శకుంతలమ్మ గారు కొంగుతోని ముక్కు తుడుచుకున్నరు. "ఆపుతడని నాకు గూడ చెప్పలే బిడ్డా."
ఆయన నా దిక్కు చూడకుండనే దిగిపోయిన్రు.

24 జూలై
నీళ్ళొచ్చినయి. ఖాళీ చెయ్యమన్న సంగతి మాత్రం ఎవరు ఎత్తలే. విద్యానగరామె సాయంత్రం ఫోన్ చేసి, పోర్షన్ల దిగుతున్నరా లేదా అని అడిగింది. రేపు చెప్త అన్న.

25 జూలై
పొద్దున విఠల్ రావు గారు మెట్లెక్కి వచ్చిన్రు. మోకాళ్ళ నొప్పికి ఆయన ఎన్నడు మీదికి రారు. స్టూలేసిన. ఇల్లు గురించే అనుకున్న.
"అమ్మా, నా దాంట్ల తప్పు నువ్వు పట్టినవ్. నేను ఒప్పుకున్న. నువ్వు పట్టిన దాంట్ల తప్పు లేదని ఎవరు చూసిన్రు?"
నేనే చూసుకున్న సార్ అన్న.
అన్నంక నా మాట నాకే వినబడ్డది — నా లెక్కకు నేనే సాక్షి.
ఆయన ఛాయ తాగి, రెయిలింగు పట్టుకోని ఒక్కొక్క మెట్టు దిగిపోయిన్రు. ఇంటి సంగతి నేను అడగలే, ఆయన చెప్పలే.
కాలేజీకి లీవు పెట్టిన. ఆ పన్నెండు పేజీలు మల్ల మంచం మీద పరిచిన. లలిత కిరాణం నుంచి అట్ట డబ్బాలు తెచ్చి గడప కాడ నిలబడ్డది. సామాన్లు సర్దాల్నా అని అడుగుతున్నది.
జర ఆగు అంటున్న...