కట్టినవాడే విప్పాలి

అప్పన్న బావా,

ఇవాళ గాజువాక సభలో నా పన్ను ఒకటి ఊడింది. నోట్లో ఇంకా నెత్తురు ఆగలేదు. అయినా నీకు చెప్పకుండా ఉండలేను.

మన రోలింగ్ మిల్లులో నీకు పైఅధికారిగా ఉన్న ఇంజనీరు ఆ తర్వాత మంత్రయ్యాడు. ఇప్పుడు రాష్ట్రపతికి సలహాదారు. కార్మికుల భద్రత మీద సలహాలిస్తాడట! అందుకే ఇవాళ సన్మానం.

ఆ రోజు మరమ్మతుకు రోలర్ల మధ్యకు దిగేముందు, లోపల మనిషి ఉన్నాడన్న గుర్తుగా నీ పేరు రాసిన ఎర్రబిళ్ళను స్విచ్‌కు కట్టావు. కట్టినవాడే విప్పాలన్నది మిల్లు కట్టుబాటు. నేను వద్దని అరుస్తుండగానే, పని ఆగిపోతోందని ఆ ఇంజనీరు ఆ బిళ్ళ విప్పి విసిరేసి స్విచ్ వేశాడు. నిన్ను గోనెసంచిలో ఇంటికి తెచ్చాం. ప్రమాదమని రాసుకున్నారు. ఎవరి చెయ్యీ లేనిదైతే ప్రమాదం. దీనికి చెయ్యి ఉంది, ఆ చేతికి రాయి ఉంగరం కూడా ఉంది. ఇది హత్య కాక మరేమిటి? నేను ఏరి తెచ్చిన బిళ్ళను విచారణలో ఒక్కడూ ముట్టుకోలేదు.

ఇవాళ దండలు వేసేవాళ్ళ వరుసలో నిలబడి, ఆ బిళ్ళనే ఆయన మెడలో కట్టాను. గార్డులు నన్ను వేదిక మీదే పడేసి బూట్లతో తొక్కారు. ఆయన నవ్వుతూనే ముడి విప్పబోయాడు. ముందు వరుసలోంచి అక్క లేచింది.

"ఆగు బాబూ! ఏటి సేత్తన్నావ్? నా మొగుడు పేరది. కట్టినోడే ఇప్పాల. మర్సిపోనావేటి?"

ఉంగరం ఉన్న చెయ్యి ముడి మీదే ఆగిపోయింది బావా. ఆ రోజు ఆగాల్సిన చెయ్యి.

నీ బామ్మర్ది